టిన్‌టిన్ వెనక మనుషులు: ఎర్జే సన్నిహితుల మీద ఒక కేస్ స్టడీ

కుర్ర విలేకరి టిన్‌టిన్ బొమ్మల కథలను గీసిన ఎర్జే అసలు పేరు జార్జ్ రెమీ. 1907 మే 22న బ్రస్సెల్స్‌లోని ఎటర్‌బేక్‌లో పుట్టాడు, 1983 మార్చి 3న పోయాడు. ఆయన మీద వచ్చిన జీవితచరిత్రలకు కొదవ లేదు. కొరత అంతా ఆయన చుట్టూ మసిలిన మనుషుల దగ్గరే. వాళ్ళు ఎక్కువగా ఒక్కో వాక్యానికి కుదించుకుపోయి కనిపిస్తారు. తండ్రి కవల కాబట్టి థామ్సన్, థాంప్సన్ అనే ఒకేలాంటి డిటెక్టివ్‌ల జంట పుట్టిందని ఒకటి, పాత స్నేహితురాలి ముద్దుపేరే కుక్కకు పెట్టాడని ఒకటి, పెద్దమ్మ గొంతు కీచుగా ఉండేది కాబట్టి కాస్టఫియోరే అనే గాయని పాత్ర వచ్చిందని ఒకటి. ఈ వాక్యాలు ప్రదర్శనల గోడల మీదికీ పుస్తకాల వెనక అట్టల మీదికీ ఎక్కి, పదేపదే నకలవుతూ, చివరికి రుజువైన సంగతుల్లా చెలామణి అవుతున్నాయి.

ఈ కేసులో పని, ఆ మనుషుల్లో ఒక్కొక్కరికీ ఫైలు తెరిచి, ఎవరు నిజంగా బొమ్మలోకి వచ్చారో, ఎవరు తర్వాత వచ్చిన పాఠకుల ఊహలో చేరారో విడదీయడం. మొత్తం చూశాక తేలేది ఒకటే. ఎక్కువ పేరు మోసినవాళ్ళకు ఆధారం తక్కువ. కథల దారినే మార్చినవాళ్ళకు పేరు తక్కువ.

కార్డులో ఏం రాయాలి

ఒక్కో మనిషికి ఒక్కో కార్డు. పేరు, ఆ పేరు రాసే వేర్వేరు రూపాలు, పుట్టిన పోయిన తేదీలు, ఎర్జేతో పరిచయం మొదలైన సంవత్సరం, తెగిన సంవత్సరం. ఆ కింద ఆ మనిషి ఇచ్చిందేమిటన్నది: రూపమా, పేరా, సమాచారమా, డబ్బా, చేతిపనా, మానసిక ఒత్తిడా. కడపటి గడిలో, అది బొమ్మల్లో మొదట కనిపించిన తేదీ. ఇక్కడ ఆల్బం పేజీ నంబరు రాస్తే సరిపోదు. ఎర్జే విషయంలో ఎక్కువ తప్పులు జరిగేది ఈ గడిలోనే.

కారణం కూర్పులు. టిన్‌టిన్ కథలు మొదట ‘ల వాంతియెమ్ సియెక్ల్’ దినపత్రిక పిల్లల అనుబంధం ‘ల పతీ వాంతియెమ్’లో 1929 జనవరి 10 నుంచి వారం వారం వచ్చాయి. తర్వాత నలుపు తెలుపు ఆల్బంలయ్యాయి. 1942 నుంచి కాస్టర్‌మన్ ప్రచురణ సంస్థ కోరికమీద 62 పేజీల రంగుల ఆల్బంలుగా కుదించి తిరిగి గీశారు. ఆ తిరిగి గీతలో కొత్త మనుషులు చొరబడ్డారు. కాంగో కథ 1930–31 నాటిది. దాని 1946 రంగుల కూర్పు మొదటి ప్యానెల్లో, రైల్వే ప్లాట్‌ఫారం మీద థామ్సన్, థాంప్సన్ నిలబడి ఉంటారు. ఆ ప్యానెల్ చూసి వాళ్ళు 1930లోనే ఉన్నారని రాసేస్తే రెండేళ్ళు తప్పు. వాళ్ళు మొదట కనిపించింది 1932 డిసెంబరులో మొదలైన ఫారోల సిగార్ల కథలో, అదీ ‘ఎక్స్33’, ‘ఎక్స్33 బిస్’ అన్న నంబర్లతో. ఫ్రెంచ్‌లో వాళ్ళకున్న దుపోన్, దుపోంట్ అన్న పేర్లు ఆ దశాబ్దం చివర్లో ఒటోకర్ రాజదండం కథలో గానీ రాలేదు. ఒటోకర్ కథ 1947 రంగుల కూర్పులోనూ అంతే. రాజసభ బొమ్మల్లో యూనిఫారాలు తొడుక్కుని ఎర్జే, ఆయన సహాయకుడు ఎడ్గార్ జాకబ్స్ కనిపిస్తారు. అది 1938 నాటి సాక్ష్యం కానే కాదు. సీరియల్ పేజీ చేతిలో లేకుండా తేదీ వేయొద్దన్నది ఈ ఫైలుకు మొదటి నియమం.

ఆధారాలకు నాలుగు మెట్లు పెట్టుకోవాలి. అన్నిటికంటే పైన ఆ కాలపు కాగితం: ఉత్తరం, రిజిస్టరు ఎంట్రీ, పత్రికలో పడిన పేజీ. దాని కింద ఎర్జే స్వయంగా చెప్పినది. మూడోది దగ్గరివాళ్ళ జ్ఞాపకం. నాలుగోది పోలికను బట్టి కట్టిన ఊహ. రెండో మెట్టు దగ్గర జాగ్రత్త అవసరం. ఎర్జే అన్నిటికంటే ఎక్కువ విప్పి మాట్లాడింది నూమా సదూల్ చేసిన సంభాషణల్లో. అవి 1971లో రికార్డయ్యాయి, పుస్తకమైంది 1975లో. ఆ నడుమ కాలంలో ఎర్జే రాతప్రతిని చేతిలోకి తీసుకుని బాగా దిద్దాడు. కాబట్టి ‘ఎర్జేయే అన్నాడు’ అన్నది నోటిమాట అనుకోకూడదు, ఆలోచించి దిద్దుకున్న మాట అది. అబద్ధమని కాదు. ఏది వదిలేశాడో అనే ప్రశ్న పక్కన రాసిపెట్టుకోవాలంతే.

తండ్రి, బాబాయి, వాళ్ళమ్మ

తండ్రి అలెక్సీ, అతని కవల సోదరుడు లియోన్. ఇద్దరూ 1882 అక్టోబరు 1న పుట్టారు. మీసాలు, ఒకేలాంటి టోపీలు, చేతికర్రలు, షికారుకు ఇద్దరూ కలిసి వెళ్ళడం. థామ్సన్ జంటకు ఇంతకంటే ఏం కావాలనిపిస్తుంది. అయితే కార్డు నింపుతూ పోతే సాక్ష్యం పలచబడుతుంది. ఆ జంటను సృష్టించినప్పుడు తండ్రీ బాబాయీ తన మనసులో లేరనీ, పోలిక తర్వాత గానీ తట్టలేదనీ ఎర్జేయే సదూల్‌తో అన్నాడు. దీనికి తోడు, గుండ్రటి టోపీలు పెట్టుకున్న ఇద్దరు మీసాల పోలీసులు ఒక ఖైదీని నడిపించుకెళ్తున్న ఫొటో 1919 మార్చిలో ‘ల మిరువార్’ అనే ఫ్రెంచ్ పత్రిక అట్ట మీద వచ్చింది. ఆ పోలీసులను చూస్తే థామ్సన్ జంట బట్టలు ఎక్కడివో వెతుక్కోనక్కర్లేదు. అలాంటి దుస్తులు ఆ రోజుల్లో మఫ్టీ పోలీసుకు రివాజే. ఇక్కడ సరైన నమోదు ఇలా ఉంటుంది: కవలతనం ఇంట్లోంచి వచ్చి ఉండవచ్చు, వేషం వీధిలోది, చిత్రకారుడు మొదటిదాన్ని స్పృహతో వాడలేదన్నాడు.

అసలు ఈ కార్డులో విలువైన మనిషి కవలలు కాదు, వాళ్ళమ్మ. ఆమె పేరు మరీ డెవీన్. షోమోన్-జిస్టూలో ఎరంబో ద దుడ్జీల్ కౌంటెస్ ఇంట్లో పనిమనిషి. పెళ్ళి కాకుండానే కవలలు పుట్టారు. 1893లో ఆమెకు ఫిలిప్ రెమీ అనే కార్మికుడితో పెళ్ళి జరిపించారు. అది కాగితం మీది పెళ్ళి, కలిసి కాపురం చేయలేదు. పదేళ్ళు దాటిన పిల్లలకు ఆ పెళ్ళితోనే రెమీ అన్న ఇంటిపేరు దక్కింది. పిల్లల బట్టలకూ చదువుకూ కౌంటెస్ ఖర్చు పెట్టింది.

వంశవృక్షం గీసేవాళ్ళు ఇక్కడ బోర్లాపడతారు. 1882 జనన రిజిస్టర్లో ‘రెమీ’ అని వెతికితే కవలలు దొరకరు. డెవీన్ అని వెతకాలి. ఫిలిప్ రెమీ పూర్వీకులను పైకి తవ్వుకుంటూ పోయినా లాభం లేదు, ఎర్జేకు ఆ వంశంతో రక్తసంబంధం ఉందనడానికి ఏ ఆధారమూ లేదు. ఇంటిపేరు ఎప్పుడు, ఏ కాగితంతో మారిందో తేలేదాకా పైతరానికి గీత గీయకూడదు.

మరి కవలల తండ్రి ఎవరు? ఈ ప్రశ్నకు జవాబుగా కౌంటెస్ భర్త మొదలు రెండో లియోపోల్డ్ రాజు దాకా పేర్లు వినిపిస్తాయి. కుటుంబంలోనే ఈ రహస్యాన్ని కాస్త గొప్పగా, కాస్త గుట్టుగా చెప్పుకునేవాళ్ళు. ఫైలులో ఆ గడి ఖాళీగానే ఉండాలి. పుకారు కూడా సమాచారమే, కానీ అది కవలల తండ్రి గురించి ఏమీ చెప్పదు, ఆ ఇంట్లో పెరిగిన పిల్లవాడి గురించి చెబుతుంది. 1985లో సెర్జ్ టిస్సరోన్ అనే ఫ్రెంచ్ మనోవైద్యుడు, ఈ కుటుంబ వివరాలు బయటి లోకానికి తెలియకముందే, కేవలం ఆల్బంలు చదివి ఈ కుటుంబంలో ఒక పుట్టుక రహస్యం ఉండి ఉంటుందని రాశాడు. టిన్‌టిన్ స్నేహితుడు కెప్టెన్ హాడాక్ పూర్వీకుడైన నావికుడికి పద్నాలుగో లూయీ భవనం ఇవ్వడం, ఆ భవనం తరాల తర్వాత తిరిగి హాడాక్ చేతికి రావడం ఆయన వాదానికి ఆధారం. ఆ తర్వాత కుటుంబ చరిత్ర బయటికొచ్చి ఆ ఊహకు బలం చేకూరింది. ఇది అరుదైన ఉదాహరణ. నాలుగో మెట్టు మీది ఊహ, మొదటి మెట్టు కాగితంతో కలిసిన సందర్భం. అలాగని ప్రతి మానసిక విశ్లేషణా ఇలాగే ఫలిస్తుందని అనుకుంటే ఫైలు ఫైలుగా మిగలదు.

మిలూ ఎవరు

తెలుగు పాఠకులకు స్నోయీగా తెలిసిన కుక్క ఫ్రెంచ్‌లో మిలూ. మరీ-లూయీజ్ వాన్ కుట్సెమ్ అన్న అమ్మాయికి అది ముద్దుపేరు. 1920ల మొదట్లో జార్జ్‌కు ఆమె అంటే ఇష్టం. భవిష్యత్తు లేని కుర్రాడని వాళ్ళ నాన్న ఒప్పుకోలేదు. పరిచయం తెగింది 1929కి ముందు. అంటే తేదీల పరీక్షలో ఈ కార్డు నిలుస్తుంది. కుక్క మగదైనా పేరు అమ్మాయిదవడం కూడా ఈ వైపే మొగ్గు చూపుతుంది.

దీనికి పోటీగా మరో కథ ఉంది. రొబేర్ సెక్సే అనే ఫ్రెంచ్ విలేకరి 1926లో మోటార్‌సైకిల్ మీద ప్రపంచం చుట్టాడు. అతని స్నేహితుల్లో రెనే మిలూ అనే బెల్జియం మోటార్‌సైకిల్ రేసర్ ఉన్నాడు. ఒక విలేకరి, పక్కన ఒక మిలూ. పైగా సెక్సే తిరిగిన దేశాల్లో సోవియట్ రష్యా, కాంగో, అమెరికా కనిపిస్తాయి, టిన్‌టిన్ మొదటి మూడు కథల చోట్లు కూడా అవే. చూడ్డానికి గట్టిగానే ఉంటుంది. కానీ ఎర్జే ఆ ఇద్దరి గురించీ చదివాడని చూపే కాగితం కావాలి, పోలిక ఒక్కటే ఉంది. పైగా ఆ మూడు దేశాలకు వేరే వివరణ సిద్ధంగా ఉంది. రష్యాకూ కాంగోకూ టిన్‌టిన్‌ను పంపింది పత్రిక సంపాదకుడు. అమెరికా ఒక్కటే ఎర్జే మొదటినుంచీ గీయాలని ముచ్చటపడిన చోటు. ఒక యాదృచ్ఛికాన్ని నమ్మేముందు, ఆ యాదృచ్ఛికం లేకుండానే విషయం అర్థమవుతుందా అని చూడాలి. ఇక్కడ అర్థమవుతుంది.

పాలె హుల్డ్ అనే డెన్మార్క్ కుర్రాడి కార్డు కూడా ఇలాంటిదే. 15 ఏళ్ళ వయసులో, 1928లో, ‘పొలితికెన్’ పత్రిక తరఫున 44 రోజుల్లో ప్రపంచం చుట్టి వచ్చాడు. టిన్‌టిన్‌కు మూలం తానేనని తర్వాతి కాలంలో అన్నాడు కూడా. ఎర్జే తరఫు నుంచి సాక్ష్యం ఏదీ లేదు. ఇలాంటి కార్డుకు ‘సమకాలీన వాతావరణం’ అన్న చీటీ అతికించి పక్కన పెట్టాలి. పారేయకూడదు, ఎందుకంటే కుర్ర విలేకరి అనే ఊహ ఆ రోజుల్లో గాల్లోనే ఉందని అది చూపుతుంది.

తమ్ముడి జుట్టు

పాల్ రెమీ 1912 మార్చి 26న పుట్టాడు. సైన్యంలో చేరాడు. చిన్నప్పుడు తమ్ముడి కదలికలనూ నడవడినీ గమనించి టిన్‌టిన్‌లోకి తెచ్చుకున్నానని ఎర్జే ఒప్పుకున్నాడు కాబట్టి ఇది రెండో మెట్టు ఆధారం, పోటీ లేని కార్డు. అందులో అసలు రుచి తర్వాతి కథలో ఉంది. తోటి అధికారులు ‘మేజర్ టిన్‌టిన్’ అని ఆటపట్టించేసరికి పాల్ జుట్టు పొట్టిగా కత్తిరించేసి రూపం మార్చుకున్నాడు. ఆ కొత్త రూపమే క్యాల్క్యులస్ వ్యవహారం కథలో కల్నల్ స్పాన్స్‌గా, అంటే విలన్‌గా, తేలింది. ఆ కథ సీరియల్‌గా నడిచింది 1954–56లో. ఒకే మనిషి ఒకసారి నాయకుడికీ, పాతికేళ్ళ తర్వాత ప్రతినాయకుడికీ మూలం కావడం అరుదు. అయితే రెండో సగం ఎక్కువగా దగ్గరివాళ్ళ మాటల మీద నిలబడింది కాబట్టి ఒకే కార్డులో రెండు వేర్వేరు మెట్లు వేయాలి.

పెద్దమ్మ నీనీ గానం గురించి, పాటంటే ఎర్జేకు పడకపోవడం గురించి ఇంట్లోవాళ్ళ మాటలున్నాయి. మూడో మెట్టు. కాస్టఫియోరేకు అంతకంటే రాయనక్కర్లేదు.

జెర్మేన్, ఆమెతో పాటు వాలే

జెర్మేన్ కీకెన్స్ ఎర్జేకంటే ఏడాది పెద్దది. పత్రిక డైరెక్టర్ నోర్బేర్ వాలే అనే కాథలిక్ ఫాదర్ దగ్గర సెక్రటరీ. వాలేను తెలియనివాళ్ళ జాబితాలో పెట్టడం వింతగా అనిపించవచ్చు గానీ, ఆయన గురించి చెప్పేదంతా రాజకీయాల దగ్గరే ఆగుతుంది. ముసోలినీ అభిమాని, 1933లో పదవి పోగొట్టుకున్నాడు, యుద్ధం తర్వాత జైలుకెళ్ళాడు, 1952లో చనిపోయాడు. వ్యక్తిగత కార్డులో రాయాల్సింది ఇంకొకటి. పిల్లల అనుబంధాన్ని 21 ఏళ్ళ కుర్రాడి చేతిలో పెట్టిందీ, టిన్‌టిన్‌ను మొదటి రెండు చోట్లకు పంపిందీ, జెర్మేన్‌తో పెళ్ళికి పూనుకుని 1932 జూలై 20న స్వయంగా జరిపించిందీ ఆయనే. ఉద్యోగం, కథావస్తువు, పెళ్ళి మూడూ ఒకే చేతి మీదుగా వచ్చాయి. జైలు నుంచి బయటికొచ్చిన ఆ ముసలాయనను దంపతులు వదిలేయకపోవడానికి కారణం కూడా ఈ కార్డు నుంచే అర్థమవుతుంది.

జెర్మేన్‌ను పాత్రల్లో వెతికితే ఏమీ దొరకదు. టిన్‌టిన్ లోకంలో భార్యలే అరుదు. అందుకే ఆమె కార్డు ఎప్పుడూ పలచగా కనిపిస్తుంది. ‘హాడాక్’ అన్న పేరు ఆమె నోట వచ్చిందంటారు. భోజనం దగ్గర హాడాక్ అనే చేపను దిగులు మొహం ఇంగ్లీషు చేప అందట, కెప్టెన్‌కు పేరు దొరికిందట. బాగుంది, మూడో మెట్టు. అంతకంటే బరువైనది 1952లో జరిగిన కారు ప్రమాదం. బండి నడిపింది ఎర్జే, ఆమె కాలు తీవ్రంగా దెబ్బతింది. 1950ల చివర్లో ఆయన మనసు మీద ఉన్న బరువును లెక్కగట్టేటప్పుడు ఈ ఘటనను పక్కన పెట్టకూడదు. జాబితాలు మాత్రం చేపనే ఎంచుకుంటాయి.

స్టూడియోలో రంగులు వేయడానికి 1950ల నడుమ చేరిన ఫానీ వ్లామింక్‌తో ఎర్జే అనుబంధం మొదలైంది. 1960లో జెర్మేన్‌కు దూరమయ్యాడు. విడాకులు 1977లో, అదే ఏడాది మే 20న ఫానీతో పెళ్ళి. జెర్మేన్ 1995లో పోయింది. టిబెట్ కథ సీరియల్‌గా వచ్చింది 1958 సెప్టెంబరు నుంచి 1959 నవంబరు దాకా. సరిగ్గా ఫానీతో అనుబంధం మొదలవడానికీ జెర్మేన్‌కు దూరమవడానికీ నడుమ. తెల్లటి రంగు మింగేస్తున్నట్టు కలలు వస్తున్నాయని జ్యూరిక్‌లోని కార్ల్ యుంగ్ పంథా మానసిక వైద్యుడు ఫ్రాంజ్ రిక్లిన్ దగ్గరికి వెళ్తే, పని మానేయమని ఆయన సలహా ఇచ్చాడు. ఎర్జే మానలేదు. మంచు తప్ప విలన్ లేని కథ గీశాడు. ఈ నాలుగు తేదీలనూ ఒకే గీత మీద పెట్టడం ఫైలు చేయగల పని. కథ ‘ఫానీ గురించే’ అనో ‘జెర్మేన్ గురించే’ అనో తీర్పు ఇవ్వడం చేయలేని పని. ఎందుకంటే ఆ కథలో వెతుకులాట ఇద్దరు స్త్రీలలో ఎవరికోసమూ కాదు.

చాంగ్ ముందు ఇద్దరు ఫాదర్లు

చాంగ్ చొంగ్-జెన్ తెలియనివాడేం కాదు. టిబెట్ కథ చదివినవాళ్ళందరికీ పేరు తెలుసు. తెలియనిది, ఆయన ఎర్జే గుమ్మం దాకా ఎలా వచ్చాడన్నది.

ఫారోల సిగార్ల కథ 1934 ఫిబ్రవరిలో ముగిసింది. టిన్‌టిన్ తర్వాత చైనా వెళ్తాడని పత్రిక ముందే ప్రకటించింది. లూవెన్ విశ్వవిద్యాలయంలో చైనా విద్యార్థుల బాగోగులు చూసే లియోన్ గోసే అనే ఫాదర్ అది చూసి ఉత్తరం రాశాడు: అక్కడి మనుషులను ఎగతాళి బొమ్మలుగా గీయొద్దు, ముందు తెలుసుకో అన్నది దాని సారం. బ్రస్సెల్స్ లలితకళల అకాడమీలో శిల్పం చదువుతున్న చాంగ్‌ను పరిచయం చేసింది గోసేయే. బ్రూజ్ దగ్గరి సెయింట్ ఆండ్రూ మఠంలో ఎదువార్ న్యూట్ అనే ఇంకో ఫాదర్ కూడా ఎర్జేకు చైనా గురించి చదవాల్సినవి అందించాడు. ఆ మఠంలోనే లు చెంగ్‌శ్యాంగ్ ఉండేవాడు. ఒకప్పుడు చైనా ప్రధానమంత్రి, తర్వాత సన్యాసి. న్యూట్ ఆయన దగ్గర పనిచేసేవాడు. గోసే ఉత్తరం లేకపోతే ఆ చైనా కథ, నీలి కమలం, రష్యా కథలాగే, ఎవరో రాసిన ఒక పుస్తకం ముందు పెట్టుకుని గీసేదై ఉండేది. ఈ ఫైలు మొత్తంలో ఒకే ఒక్క కార్డు ఉంచుకోవాలంటే ఉంచాల్సింది గోసే కార్డు. ఆయన పోలికతో ఒక్క పాత్ర కూడా లేదు, అందుకే జాబితాల్లో ఉండడు.

మొదటి కలయిక తేదీ దగ్గర ఒక చిన్న ఉచ్చు ఉంది. 1934 మే 1 అంటారు, అది ఆదివారమని కూడా కొన్నిచోట్ల తగిలిస్తారు. 1934 మే 1 మంగళవారం. వారం, తేదీ రెండూ ఇచ్చిన ప్రతి ఎంట్రీనీ క్యాలెండర్‌తో సరిచూడటం అర నిమిషం పని. కుదరకపోతే ‘1934 మే మొదట్లో’ అని రాయాలి. కార్డు మీద మొండిగా ఒక అంకె నిలబెట్టడం కంటే అది మెరుగు.

ఆ తర్వాత ఏడాదికి పైగా ఇద్దరూ ఆదివారాలు కలుసుకునేవారు. చాంగ్ 1907 సెప్టెంబరు 27న షాంఘైలో పుట్టాడు, అంటే నాలుగు నెలలు చిన్నవాడు. నీలి కమలం సీరియల్ 1934 ఆగస్టు 9న మొదలై 1935 అక్టోబరు 17న ముగిసింది. కలయిక ముందు, కథ తర్వాత, కాబట్టి తేదీల పరీక్షలో ఇంతకంటే శుభ్రమైన కార్డు ఉండదు. చాంగ్ ఇచ్చినవాటిని మూడు విడివిడి పద్దులుగా రాయాలి. సమాచారం: 1931 సెప్టెంబరు 18న ముక్‌డెన్ దగ్గర రైలుపట్టాల పేలుడు, దాన్ని సాకుగా చేసుకున్న జపాన్ ఆక్రమణ, ఇవి కథలోకి వచ్చాయి. చేతిపని: గోడల మీద, బోర్డుల మీద ఉన్న చైనా అక్షరాలు. వాటిలో సామ్రాజ్యవాదం నశించాలి, జపాన్ సరుకు బహిష్కరించండి వంటి నినాదాలున్నాయి. అప్పటి బెల్జియం పిల్లల్లో దాదాపు ఎవరికీ అవి అర్థమై ఉండవు. మూడోది చూపు: ముందు తెలుసుకుని తర్వాత గీయడం. ఈ మూడో పద్దుకు ఆధారం వెనకటి కథలూ తర్వాతి కథలూ పక్కపక్కన పెట్టినప్పుడే కనిపిస్తుంది. దాన్ని ఒక ఫ్రేము చూపించి రుజువు చేయలేం.

పేరు వెతకడంలోనూ తకరారు. ఫ్రెంచ్ కాగితాల్లో త్చాంగ్ అని, ఇంగ్లీషులో చాంగ్ అని, ఇప్పటి చైనా పద్ధతిలో ఝాంగ్ చొంగ్‌రెన్ అని ఉంటుంది. ఒకే మనిషికి మూడు కార్డులు తయారైపోయిన ఫైళ్ళు కొత్తేమీ కాదు. శిల్పిగా షాంఘైలో ఆయన పేరున్న కాగితాలు మూడో రూపంలోనే దొరుకుతాయి. ఎర్జే మీద మాత్రమే పనిచేసేవాళ్ళు అక్కడిదాకా వెళ్ళరు, అందుకే వాళ్ళ రాతల్లో చాంగ్ 1935లో ఓడెక్కి మాయమై, 1981 మార్చి 18న బ్రస్సెల్స్ విమానాశ్రయంలో టీవీ కెమెరాల ముందు మళ్ళీ ప్రత్యక్షమవుతాడు. మధ్య 46 ఏళ్ళలో ఆయన షాంఘైలో కళాశాల నడిపాడు, శిల్పాలు చెక్కాడు, సాంస్కృతిక విప్లవంలో కష్టాలు పడ్డాడు. 1985లో ఫ్రాన్స్‌కు వచ్చి 1998లో అక్కడే కన్నుమూశాడు. తెలియని మనిషి కార్డులో ఆ మనిషి సొంత బతుకుకు కనీసం సగం చోటు ఉండాలి. లేకపోతే ఎర్జేకు ఉపయోగపడిన నెలల్లోనే ఆయన ఊపిరి తీసుకున్నాడన్నట్టు ఉంటుంది.

స్టూడియోలో చేతులు

రంగుల ఆల్బంల పని 1942లో మొదలయ్యేసరికి ఎర్జేకు సహాయం కావలసి వచ్చింది. మొదటి సహాయకుల్లో అలీస్ దవోస్ ఒకరు. 1944 మొదట్లో ఎడ్గార్ జాకబ్స్ చేరాడు. ఒకప్పుడు ఒపేరా బారిటోన్. పాత ఆల్బంలను రంగుల్లోకి మార్చడంలో, నేపథ్యాల్లో ఆయన చెయ్యి చాలా ఉంది. ఆల్బం మీద తన పేరు కూడా వేయమని అడిగాడు, ఎర్జే ఒప్పుకోలేదు, 1947తో ఆ పని ముగిసింది. బదులుగా ఆయనకు దక్కింది ప్యానెళ్ళలో దాగుడుమూతలు. సిగార్ల కథ రంగుల కూర్పు అట్ట మీద మమ్మీల వరసలో ‘ఇ.పి. జాకోబినీ’ ఉంటాడు. అట్ట మీద శవంగా చోటు ఇచ్చి, అట్ట మీద పేరుకు చోటు ఇవ్వకపోవడం సరదాగా చెప్పుకునే విషయమే గానీ, కార్డులో మాత్రం అది ‘గౌరవం’ పద్దు కింద కాకుండా ‘పరిహారం’ పద్దు కింద రాయాలి.

జాక్ వాన్ మెల్కబేక్ పాత్రికేయుడు, చిత్రకారుడు, ఎర్జేకు జర్మన్ ఆక్రమణ కాలపు స్నేహితుడు. 1941లో టిన్‌టిన్ నాటకాలు ఇద్దరూ కలిసి రాశారు. 1946 సెప్టెంబరులో టిన్‌టిన్ వారపత్రిక మొదలైనప్పుడు మొదటి సంపాదకుడు ఆయనే. ఆక్రమణ కాలంలో జర్మన్ల అదుపులోని పత్రికల్లో రాసినందుకు శిక్ష పడి తెర వెనక్కి పోయాడు. కథల్లో ఆయన భాగం ఎంతన్నది గట్టిగా తేలదు, ఎందుకంటే పేరు వేసుకోవడానికి వీల్లేని స్థితిలో పని చేసిన మనిషి కాగితం మిగల్చడు. ఇలాంటి కార్డు ఖాళీగా ఉండటమే సమాచారం.

రంగుల విభాగాన్ని ఏళ్ళ తరబడి నడిపించిన జోసెత్ బోజో విషయంలో రెండు మాటలున్నాయి. 1976 నాటి పికారోస్ కథలో జనరల్ అల్కజార్ భార్య పెగ్గీకి ఆమె మూలమంటారు. ఎర్జే టీవీలో చూసిన ఒక అమెరికన్ స్త్రీ మూలమని ఇంకో మాట. రెండూ ఒకేసారి నిజం కావచ్చు: మొహం ఒకరిది, గదమాయింపు ఇంకొకరిది. రెండిట్లో ఒకదాన్ని కొట్టేయాలన్న తొందర పనికిరాదు.

రిజిస్టర్లు, గోప్యత, శీర్షికలు

బెల్జియంలో 2019 నుంచి పౌర రిజిస్టర్ల గడువులు ఇలా ఉన్నాయి: జనన ఎంట్రీ 100 ఏళ్ళకు, పెళ్ళి 75 ఏళ్ళకు, మరణం 50 ఏళ్ళకు అందరికీ తెరుచుకుంటుంది. ఈ లెక్కన 1882 కవలల జననం, 1893 మరీ డెవీన్ పెళ్ళి, 1932 జెర్మేన్ పెళ్ళి చూడవచ్చు. 1977 పెళ్ళి 2052 దాకా, జెర్మేన్ మరణ ఎంట్రీ 2045 దాకా మూసే ఉంటాయి. వాటి తేదీలకు అచ్చయిన జీవితచరిత్రలే ఆధారమని కార్డులో వేరుగా గుర్తు పెట్టాలి. ఎర్జే జీవితంలో ఇంకా కొందరు స్త్రీల ప్రస్తావనలు, ఇంట్లో పిల్లల విషయమై మాటలు జీవితచరిత్రల్లో వస్తాయి. ఆ మనుషులు పత్రికల ముందుకు రాలేదు, బొమ్మల్లో వాళ్ళ జాడ చూపడానికి ఏమీ లేదు. వాళ్ళకు కార్డు తెరవనక్కర్లేదు. తెలిసినంత మాత్రాన ఫైలులో చేరాలనే రూలు లేదు.

ప్రదర్శన గోడ మీద వేసే శీర్షికలో క్రియాపదం మెట్టును బట్టి మారాలి. మొదటి మెట్టుకు ‘ఇచ్చాడు’, ‘రాశాడు’. రెండో మెట్టుకు ‘ఎర్జే చెప్పిన ప్రకారం’. మూడో మెట్టుకు ‘దగ్గరివాళ్ళు అనేవారు’. నాలుగో మెట్టుకు శీర్షికే వద్దు, అడిగితే చెప్పొచ్చు. ‘ప్రేరణ’ అనే మాటను మొత్తానికి నిషేధించడం మంచిది, అది నాలుగు మెట్లనూ కలిపి ముద్ద చేస్తుంది. బొమ్మ వేయాలంటే అనుమతి తప్పదు, ఐరోపాలో ఎర్జే రచనలకు హక్కు 2053 చివరి దాకా ఉంది. అనుమతి అడిగేటప్పుడు ఏ కూర్పులోని ఏ పేజీయో రాయాలి. 1936 నాటి నలుపు తెలుపు నీలి కమలానికి అడిగి, చేతికొచ్చిన 1946 రంగుల ప్యానెల్ కింద పాత తేదీ వేస్తే, కార్డుల మీద పడ్డ శ్రమంతా ఆ ఒక్క శీర్షిక దగ్గర వృథా అవుతుంది.